రోడ్డు మీదా సెట్ మీదా అదే కెమెరా: ఇరాన్ ఫోటోగ్రాఫర్ల వృత్తి ఎలా నడుస్తుంది

మన దగ్గర స్టిల్ ఫోటోగ్రాఫర్ అంటే సినిమా మనిషే. షాట్ పక్కన నిలబడతాడు, వర్కింగ్ స్టిల్స్ తీస్తాడు, పోస్టర్‌కి కావాల్సిన ఫోజులు రాబడతాడు. ధర్నాల దగ్గరా వరదల దగ్గరా కనిపించే పత్రికా ఫోటోగ్రాఫర్‌ది వేరే బతుకు. ఒకరి పనిలోకి ఇంకొకరు రావడం తక్కువ. ఇరాన్ ఫోటోగ్రాఫర్ల గురించి చదవడం మొదలుపెట్టినవాళ్లని తికమక పెట్టేది ఇక్కడే. యుద్ధం, భూకంపం, ఊరేగింపులు తీసిన మనిషే కొన్నాళ్లకు సినిమా సెట్‌లో కనిపిస్తాడు. అక్కణ్నుంచి గ్యాలరీ గోడ మీదకి వెళ్తాడు. మళ్లీ ఏదో గొడవ జరిగిందంటే రోడ్డు మీదే ఉంటాడు.

డబ్బు కోసం అని తేల్చేయొచ్చు. అందులో నిజం ఉంది, దాని సంగతి తర్వాత చూద్దాం. కానీ డబ్బు ఒక్కటే కారణమైతే పెళ్లి ఫోటోలు తీసుకున్నా సరిపోతుంది. ఇరాన్‌లో సెట్ ఎలా నడుస్తుందో, వీధి ఎలా నడుస్తుందో రెండూ పక్కపక్కన పెట్టి చూస్తే అసలు విషయం బయటపడుతుంది. నా లెక్కలో అవి ఒకే తాళం చెవితో తెరుచుకునే రెండు గదులు. ఆ తాళం చెవి ప్రభుత్వ అనుమతి.

ఇరాన్‌లో ఫోటోకీ సినిమాకీ చుట్టరికం కొత్తది కాదు. ఆ దేశపు మొదటి సినిమా కెమెరామన్‌గా చరిత్రకారులు చెప్పేది మీర్జా ఎబ్రాహీం ఖాన్ అనే ఆస్థాన ఫోటోగ్రాఫర్‌ని. 1900లో ముజఫరుద్దీన్ షా యూరప్ యాత్రకు వెళ్తూ అతన్ని వెంట తీసుకెళ్లాడు. పారిస్‌లో కొత్త సినిమా యంత్రాన్ని చూసి షా ముచ్చటపడ్డాడు, కొనమన్నాడు. ఆ ఆగస్టులో బెల్జియంలోని ఓస్టెండ్ పట్టణంలో పూల ఉత్సవం జరిగింది. బండ్లలో వెళ్తున్న ఆడవాళ్లు షా మీదకి పూలు విసురుతుంటే ఎబ్రాహీం ఖాన్ దాన్ని చిత్రీకరించాడు. అంటే మొదటి ఇరాన్ సినిమా ఒక డాక్యుమెంటరీ ముక్క, తీసింది ఫోటోగ్రాఫర్. అతను రాజు చెప్తేనే తీశాడన్నది కూడా గుర్తుంచుకోవాలి.

ఇప్పుడు సెట్ సంగతి.

స్టిల్ ఫోటోగ్రాఫర్ అసలెందుకు, సినిమాలోంచే ఒక ఫ్రేమ్ తీసుకుంటే పోలేదా అని చాలామంది అడుగుతారు. సినిమా మామూలుగా సెకనుకి 24 ఫ్రేమ్‌లు. ఒక్కో ఫ్రేమ్‌కి వెలుగు తగిలేది దాదాపు సెకనులో 48వ వంతు. తెర మీద కదులుతున్నప్పుడు బాగుంటుంది కానీ, ఆపి చూస్తే చెయ్యి మసకబారి ఉంటుంది. పోస్టర్‌కీ, ఫిలిం ఫెస్టివల్ పుస్తకానికీ, పత్రికకీ అది పనికిరాదు. అందుకని కెమెరా లెన్స్ పక్కనే ఇంకో మనిషి నిలబడి, రిహార్సల్‌లోనో టేక్‌లోనో అదే కోణం నుంచి విడిగా ఫోటో తీస్తాడు. టేక్ జరుగుతుంటే షటర్ చప్పుడు వినిపించకూడదు. అందుకోసం ఇదివరకు కెమెరాని శబ్దం బయటికి రాని పెట్టెలో పెట్టి తీసేవాళ్లు, ఇప్పుడు చప్పుడు చెయ్యని డిజిటల్ కెమెరాలు వచ్చాయి. నటుల చూపుకి అడ్డు రాకూడదు, లైట్‌బాయ్ కాలికి తగలకూడదు, డైరెక్టర్‌కి విసుగు తెప్పించకూడదు. గుంపులో కనపడకుండా పని చేసుకోవడం, ఏ క్షణాన ఏం జరగబోతోందో ముందే పసిగట్టడం వీధిలో నేర్చుకునే విద్యలే. డాక్యుమెంటరీ ఫోటోగ్రాఫర్ సెట్‌లో సులువుగా ఇమిడిపోవడానికి ఇదొక కారణం.

ఇక్కడిదాకా ఏ దేశంలోనైనా ఇంతే. ఇరాన్ సెట్ మాత్రం వేరు. 1979 విప్లవం తర్వాత సినిమాలు ‘ఎర్షాద్’ అని అందరూ పిలిచే సాంస్కృతిక మంత్రిత్వ శాఖ కిందికి వచ్చాయి. 1983లో ఫారాబీ సినిమా ఫౌండేషన్ పెట్టి, సినిమాకి డబ్బూ సామానూ అందే దారి కూడా ప్రభుత్వ చేతిలోకి తీసుకున్నారు. కథకి అనుమతి, తర్వాత నటులూ సిబ్బందీ పేర్లతో సహా నిర్మాణానికి అనుమతి, తీశాక మళ్లీ చూసి ప్రదర్శనకు అనుమతి. ఏలికలు మారినప్పుడల్లా ఒక మెట్టు తీసేయడం, ఇంకొకటి చేర్చడం జరిగింది గానీ మెట్లు మాత్రం ఉన్నాయి. యూనిట్ జాబితా కూడా అధికారుల ముందుకి వెళ్తుంది కాబట్టి, ఒక మనిషికి సెట్‌లో పని దొరకడం నిర్మాత ఇష్టం మీదే ఆధారపడదు.

దీనికన్నా చిత్రమైనది తెర మీది కట్టుబాటు. సినిమాలో ఆడపాత్ర తల మీద గుడ్డ ఎప్పుడూ ఉండాలి. బయటే కాదు, సొంత ఇంట్లో, వంటగదిలో, మంచం మీద నిద్రపోతున్నప్పుడు కూడా. భార్యాభర్తల పాత్రలు వేసేవాళ్లు నిజంగా భార్యాభర్తలు కాకపోతే ఒకరినొకరు ముట్టుకోకూడదు. నిజజీవితంలో ఏ ఇరాన్ మహిళా తన గదిలో హిజాబ్ కట్టుకుని పడుకోదు. సెట్‌లో తీసిన పడకగది స్టిల్ ఎంత అందంగా ఉన్నా అలాంటి ఇల్లు టెహ్రాన్‌లో ఎక్కడా ఉండదు. ఈ అబద్ధం ఇష్టం లేకనే చాలాకాలం ఇంటి లోపలి సన్నివేశాలకి దూరంగా ఉన్నానని ప్రసిద్ధ దర్శకుడు అబ్బాస్ కియరొస్తామీ చెప్పేవాడు. ఆయన సినిమాల్లో అన్ని కార్లు, అన్ని కొండదారులు ఉండటానికి ఇది కూడా ఒక కారణం. 2002లో వచ్చిన ఆయన ‘టెన్’లో ఒక అమ్మాయి కారులో కూర్చుని తల మీది గుడ్డ తీస్తుంది. కింద గుండు ఉంటుంది. జుట్టు చూపకూడదన్నారు, జుట్టే లేదు.

వీధిలో మాత్రం ఫోటోగ్రాఫర్ ముందు ఉన్నదంతా నిజమే. జుట్టూ, చెయ్యి పట్టుకోవడం, ఏడుపూ, కోపమూ అన్నీ ఉంటాయి. వాటిని తీయొచ్చు, అచ్చు వేయడమే కష్టం. పత్రికా ఫోటోగ్రాఫర్‌కి కార్డు ఇచ్చేదీ ఎర్షాదే, వెనక్కి తీసుకునేదీ ఎర్షాదే. కార్డు జేబులో ఉన్నా ఆ వీధి మూలన నిలబడిన పోలీసు ఒప్పుకోవాలి. సెట్‌లో ఉన్నది కల్పన, దానికి అనుమతి ఉంది. వీధిలో ఉన్నది వాస్తవం, దానికి అనుమతి దొరకదు. ఇరాన్ ఫోటోగ్రాఫర్ వృత్తి జీవితం ఈ రెండింటి మధ్య ఊగుతూ ఉంటుంది.

ఈ ఊగిసలాట మొదట్నుంచీ ఎంత లోతుగా ఉందో కావే గోలెస్తాన్ జీవితంలో కనపడుతుంది. కావే సినిమా ఇంట్లో పుట్టాడు. 1950లో, ఆబాదాన్‌లో. తండ్రి ఎబ్రాహీం గోలెస్తాన్ అప్పట్లో ఆంగ్లో-ఇరానియన్ చమురు కంపెనీలో పని చేసేవాడు. తర్వాత టెహ్రాన్‌లో సొంత స్టూడియో పెట్టాడు, చమురు కంపెనీల కోసం డాక్యుమెంటరీలు తీశాడు. కవయిత్రి ఫొరూగ్ ఫరొఖ్‌జాద్ 1962లో తబ్రీజ్ దగ్గరి కుష్ఠురోగుల ఆశ్రమంలో తీసిన ‘ది హౌస్ ఈజ్ బ్లాక్’ ఆ స్టూడియో నుంచి వచ్చిందే. 12 రోజుల్లో తీసిన చిన్న డాక్యుమెంటరీ అది. ఇరాన్ సినిమా గురించి ఎవరు రాసినా దాన్ని తలుచుకోక తప్పదు. అలాంటి ఇంట్లో పెరిగిన కుర్రాడు తండ్రి దారిలో సినిమా తీస్తాడనుకుంటాం. కావే స్టిల్ కెమెరా పట్టుకున్నాడు.

1975 నుంచి 1977 వరకు అతను టెహ్రాన్‌లోని షహ్రె నౌ అనే వేశ్యావాడలోకి పదేపదే వెళ్లాడు. చుట్టూ గోడ కట్టిన పేట అది. మొదట నమ్మకం సంపాదించుకుని, తర్వాత కెమెరా తీశాడు. ఆ ఫోటోల్లో ఆడవాళ్లు నేరుగా మన కళ్లలోకి చూస్తారు. వెనకాల మాసిన గోడ, గోడ మీద ఎక్కడినుంచో కత్తిరించి అంటించిన బొమ్మలు. ఎవరూ ఏడవరు, ఎవరూ నవ్వరు. వాటితో పాటు కూలీల మీద ఒకటి, మానసిక చికిత్సాలయంలోని పిల్లల మీద ఒకటి, మొత్తం మూడు వరసలు చేశాడు. ‘ఆయందెగాన్’ పత్రికలో వచ్చాయి. 1978లో టెహ్రాన్ విశ్వవిద్యాలయంలో ప్రదర్శన పెడితే గడువుకి ముందే మూసేశారు. అప్పటికింకా షా పాలనే. సెన్సార్ విప్లవంతోనే మొదలైందనుకునేవాళ్లు ఈ తేదీ ఒకసారి చూసుకోవాలి. మరుసటి ఏడు జనవరిలో ఆ వాడని తగలబెట్టారు, తర్వాత నేలమట్టం చేశారు. ఆ ఆడవాళ్లు అక్కడ బతికారనడానికి మిగిలిన గట్టి సాక్ష్యాల్లో కావే ఫోటోలు ముఖ్యమైనవి.

విప్లవం రోజుల ఫోటోలకి కావేకి 1979లో రాబర్ట్ కాపా గోల్డ్ మెడల్ వచ్చింది. 1988లో ఇరాక్ సైన్యం విషవాయువు దాడి చేశాక కుర్దుల పట్టణం హలబ్జాకి వెళ్లి తీశాడు. 1991లో ఇరాన్ పత్రికల మీద సెన్సార్ గురించి బ్రిటిష్ టీవీకి ఒక డాక్యుమెంటరీ తీస్తే, ఆ పాపానికి కొన్నేళ్లు పని చేయనివ్వలేదు. ఆ తర్వాత విద్యార్థులకి ఫోటోగ్రఫీ పాఠాలు చెప్పాడు, బీబీసీకి వీడియో కెమెరామన్‌గా పనిచేశాడు. 2003 ఏప్రిల్ 2న ఉత్తర ఇరాక్‌లోని కిఫ్రీ దగ్గర కారు దిగి మందుపాతర మీద అడుగేశాడు. అక్కడికక్కడే పోయాడు. వయసు 52. ఫోటో, సినిమా, టీవీ, పాఠాలు అన్నీ చేశాడు. దేన్నీ తీరిగ్గా ఎంచుకున్నట్టు కనిపించదు. ఒక తలుపు మూస్తే తెరిచి ఉన్న ఇంకో తలుపు వెతుక్కున్నాడు.

అతని భార్య హెంగామె గోలెస్తాన్ కూడా ఫోటోగ్రాఫరే. 1979 మార్చి 8న హిజాబ్ తప్పనిసరి చేస్తారన్న వార్త మీద టెహ్రాన్ ఆడవాళ్లు మంచులో రోడ్డెక్కినప్పుడు ఆమె అక్కడ ఉంది. అప్పటి ఫోటోల్లో వేల తలలు, చాలావాటి మీద గుడ్డ లేదు. ఆ ఏడాది మొదటి నెలలు ఇరాన్ ఫోటోగ్రాఫర్లకి అనుమతి అడగాల్సిన అవసరం లేని అరుదైన కాలం. పాత కాపలాదారు పోయాడు, కొత్త కాపలాదారు ఇంకా కుర్చీలో కుదురుకోలేదు. బహ్మన్ జలాలీ, రానా జవాదీ దంపతులు ఆ రోజుల్ని పుస్తకంగా తెచ్చారు. మరియం జందీ విప్లవం ఫోటోలు పుస్తకంగా ఇరాన్‌లో రావడానికి మాత్రం మూడు దశాబ్దాలు దాటింది.

ఆ కిటికీ ఎంత త్వరగా మూసుకుందో చెప్పడానికి ఒక్క ఫోటో చాలు. 1979 ఆగస్టు 27న సనందజ్ విమానాశ్రయంలో 11 మందిని, ఎక్కువమంది కుర్దుల్ని, ఆదరాబాదరా విచారణ జరిపి కాల్చేశారు. ‘ఎత్తెలాత్’ పత్రిక ఫోటోగ్రాఫర్ జహాంగీర్ రజ్మీ అక్కడే ఉండి తీశాడు. తుపాకులు పేలుతున్న క్షణం అది. పత్రిక ఫోటో వేసింది, అతన్ని కాపాడటానికి పేరు వేయలేదు. వార్తా సంస్థ ద్వారా ప్రపంచమంతా వెళ్లింది. 1980లో ఆ ఫోటోకి పులిట్జర్ బహుమతి వచ్చింది, ‘పేరు తెలియని ఫోటోగ్రాఫర్’కి. అసలు పేరు 2006 డిసెంబరులో ఒక అమెరికన్ పత్రికలో బయటికొచ్చింది. 26 ఏళ్లు తన బహుమతి తనదని బయటికి చెప్పుకోలేకపోయాడు.

తర్వాత యుద్ధం వచ్చింది. 1980 నుంచి 1988 వరకు ఇరాక్‌తో. జలాలీ లాంటివాళ్లు సరిహద్దు పట్టణం ఖుర్రంషహర్ శిథిలాల్లో తిరిగి తీశారు. యుద్ధం ముగిశాక ఆ యుద్ధం మీద సినిమాలు వరసగా వచ్చాయి. వాటికోసం టెహ్రాన్ దగ్గర ఏకంగా ఒక సినిమా పట్నమే కట్టారు, ట్యాంకులూ కందకాలూ కూలిన ఇళ్లూ అన్నీ ఉన్నవి. నిజం యుద్ధం చూసొచ్చిన తరానికి ఉత్తుత్తి యుద్ధం తీసే పని కూడా దొరికిందన్నమాట. నిజమైన ఖుర్రంషహర్‌లో బాంబు ఎప్పుడు పడుతుందో తెలీదు. సినిమా ఖుర్రంషహర్‌లో టీ బ్రేక్ ఎప్పుడో ముందే తెలుసు.

డబ్బు సంగతికి వద్దాం. ఇరాన్ ఫోటోగ్రాఫర్ విదేశీ పత్రికకో ఏజెన్సీకో పని చేస్తే డాలర్లలో వస్తుంది, బాగానే ఉంటుంది. కానీ ఆంక్షల వల్ల ఆ డబ్బు బ్యాంకు ద్వారా రావడమే కష్టం. 2012లో ఇరాన్ బ్యాంకుల్ని దేశాల మధ్య బ్యాంకు చెల్లింపులకు వాడే స్విఫ్ట్ వ్యవస్థ నుంచి తీసేశారు, అణు ఒప్పందం తర్వాత కలిపారు, 2018లో అమెరికా ఆ ఒప్పందం నుంచి బయటికి వెళ్లాక మళ్లీ చాలావాటిని తీసేశారు. వచ్చేవాళ్లతో చేతికి పంపించుకోవడం, తెలిసినవాళ్ల ఖాతాలు వాడుకోవడం ఇవే దిక్కు. మరోపక్క రియాల్ విలువ పడిపోతుంటే కెమెరా, లెన్స్ ధరలు డాలర్‌తో పాటు పైకి పోతాయి. ఊళ్లోనే రియాల్‌లో నికరంగా జీతం వచ్చే సినిమా పని అప్పుడు చిన్నదిగా కనిపించదు. పైగా సినిమావాళ్లకి ‘ఖానెయె సినిమా’ అనే సంఘాల సమాఖ్య ఉంది. డైరెక్టర్లకీ కెమెరామన్‌లకీ ఎడిటర్లకీ ఉన్నట్టే సినిమా ఫోటోగ్రాఫర్లకీ అందులో సంఘం ఉంది, వాళ్లకీ అవార్డులు ఇస్తారు. రోడ్డు మీద ఒంటరిగా తిరిగే మనిషికి అలాంటి గొడుగు దొరకడం చిన్న విషయం కాదు. ఆ గొడుగు కూడా ఎల్లకాలం ఉంటుందన్న నమ్మకం లేదు. 2012 జనవరిలో ప్రభుత్వం ఖానెయె సినిమాని మూసేయించింది, 2013 సెప్టెంబరులో ప్రభుత్వం మారాక తలుపులు తెరిచారు.

ప్రాణభయం లెక్క వేరే ఉంది. 2003 జూన్‌లో ఇరాన్ మూలాలున్న కెనడా ఫోటోగ్రాఫర్ జహ్రా కాజెమీ ఎవిన్ జైలు బయట ఖైదీల కుటుంబాలని ఫోటో తీస్తూ అరెస్టయింది. మూడు వారాలు తిరగకుండానే కస్టడీలో చనిపోయింది. 2009 ఎన్నికల గొడవల్లో విదేశీ మీడియా వీధి నిరసనల దగ్గరికి వెళ్లడానికి వీల్లేదని ఎర్షాద్ ఉత్తర్వు ఇచ్చింది. ఆ రోజుల్లో అందరూ చూసిన దృశ్యం, నేదా ఆఘా సోల్తాన్ అనే యువతి తూటా తగిలి నేల మీద ప్రాణాలు విడవడం, పేరు తెలియని మనిషి ఫోన్‌లో తీసింది. అదే ఫోటో జర్నలిస్టు తీసి సంతకం పెట్టి ఉంటే ఏమయ్యేదో ఊహించుకోవచ్చు. 2022లో హిజాబ్ సరిగా లేదని అరెస్టయి కస్టడీలో చనిపోయిన మహ్సా అమీనీ మరణం మీద నిరసనలు మొదలైనప్పుడు ఫోటోగ్రాఫర్ యల్దా మొయెరీని టెహ్రాన్ వీధిలో అరెస్టు చేశారు. అంతకుముందు 2019లో ఈమె ఫోటోనే డొనాల్డ్ ట్రంప్ అడగకుండా తన ట్వీట్‌లో వాడుకుంటే, నా ఫోటోని మీ రాజకీయానికి వాడొద్దని బహిరంగంగా చెప్పింది. ఒకవైపు సొంత ప్రభుత్వం, ఇంకోవైపు సానుభూతి పేరుతో బొమ్మని లాక్కునేవాళ్లు.

ఈ రెండో ఒత్తిడి గురించి మనం తక్కువ మాట్లాడుకుంటాం. నియూషా తవకోలియన్ అనుభవం చూడండి. 1981లో టెహ్రాన్‌లో పుట్టింది. 16 ఏళ్లకే ‘జన్’ అనే మహిళా దినపత్రికలో ఫోటోలు తీయడం మొదలుపెట్టింది. 1999 విద్యార్థుల ఆందోళన, తర్వాత ఇరాక్, అలా వార్తల వెంట పరిగెత్తింది. 2009 తర్వాత వీధి మూతపడటంతో వార్తలు వదిలేసి తన గదిలోకి వచ్చింది. ఆడవాళ్లు జనం ముందు ఒంటరిగా పాడకూడదన్న నిబంధన ఉంది కాబట్టి, గాయనుల్ని స్టూడియోలో నిలబెట్టి పాడించింది. వీడియోలో నోళ్లు కదులుతాయి, శబ్దం ఉండదు. రాని ఆల్బమ్‌లకి కవర్లు తయారుచేసింది. ఇంకో వరసలో తన అపార్ట్‌మెంట్ కిటికీ ముందు ఇరుగుపొరుగుని కూర్చోబెట్టి నెలల తరబడి తీసింది. వెలుగు, చోటు, మనిషి కూర్చునే తీరు అన్నీ ముందే అనుకున్నవి. అచ్చం సినిమా సెట్‌లా. అందులోని దిగులు మాత్రం ఎవరూ నటించింది కాదు.

2014లో ఆమెకి ఫ్రాన్స్‌లోని కార్మిన్యాక్ ఫౌండేషన్ 50,000 యూరోల అవార్డు ఇచ్చింది. తీరా చూస్తే దాత తన ఫోటోల ఎంపికలోనూ పేరులోనూ వేలు పెడుతున్నాడు. ఇరాన్ యువత గురించి ఆయనకి కావాల్సిన కథ ఆయనకుంది. ఆమె అవార్డు వెనక్కి ఇచ్చేసి, ఎందుకో అందరికీ చెప్పింది. చివరికి ఫౌండేషనే దిగొచ్చింది, ప్రదర్శన ఆమె అనుకున్నట్టే జరిగింది. తర్వాత ప్రసిద్ధ ఫోటో ఏజెన్సీ మాగ్నమ్‌లో సభ్యురాలైంది. టెహ్రాన్‌లో అధికారి కత్తెరకి అలవాటు పడ్డ మనిషి పారిస్‌లో దాత కత్తెరని వెంటనే గుర్తుపట్టడంలో ఆశ్చర్యం లేదు. ఇరాన్ ఫోటో అంటే నల్ల చాదర్, వెనకాల గోడ మీద తుపాకీ బొమ్మ ఉండాలని కోరుకునే ఎడిటర్లు యూరప్‌లో కొత్త కాదు.

సెట్‌కీ వీధికీ మధ్య గోడ పలచన కావడానికి ఇరాన్ సినిమా పద్ధతి కూడా కారణం. కియరొస్తామీ 1987లో కోకెర్ అనే ఊళ్లో పిల్లలతో ఒక సినిమా తీశాడు. 1990 జూన్‌లో ఆ ప్రాంతాన్ని భూకంపం కూల్చేసింది, పదుల వేలమంది పోయారు. తన సినిమాలో నటించిన పిల్లలు బతికున్నారో లేదో అని వెతుక్కుంటూ వెళ్లాడు, తర్వాత ఆ వెతుకులాటనే కల్పనగా మలిచి 1992లో ఇంకో సినిమా తీశాడు. అందులో ఒక ముసలాయన ఉంటాడు. ఇది నా ఇల్లు కాదు, సినిమావాళ్లు నా ఇల్లని చూపించమన్నారు, నా అసలు ఇల్లు భూకంపంలో పోయింది అని తెర మీదే చెప్పేస్తాడు. ఆ గుమ్మంలో నిలబడ్డ ఆయన స్టిల్ కింద ఏమని రాయాలి? మనిషి నిజం, అతని నష్టం నిజం, ఇల్లు సినిమాది. మూడో సినిమాలో కియరొస్తామీ ఈ రెండో సినిమా షూటింగే కథగా తీశాడు. ఇలాంటి సెట్‌లో ఏది షూటింగ్, ఏది ఊరి జీవితం అని విడదీసి తీయడం ఎవరి వల్లా కాదు. వృత్తి నటులు లేని చోట క్లాప్ కొట్టకముందు ముఖం, కొట్టాక ముఖం పెద్దగా మారదు. డాక్యుమెంటరీ చేయి ఉన్న ఫోటోగ్రాఫర్ అక్కడ అవసరం, అలంకారం కాదు.

దీన్ని తిరగేసి వాడుకున్న మనిషి ఆజాదే అఖ్లాఘీ. కియరొస్తామీ దగ్గర అసిస్టెంట్ డైరెక్టర్‌గా పనిచేసింది. 2009లో ఫోన్ కెమెరాలు తీసిన మరణాలు చూశాక ఆమెకో ప్రశ్న వచ్చింది: ఇరాన్ చరిత్రని కుదిపేసిన పాత మరణాలకి ఫోటోలెందుకు లేవు? మూడేళ్లు పాత పత్రికలూ జ్ఞాపకాలూ తిరగేసి 17 మరణాల్ని ఎంచుకుంది. 1953లో విశ్వవిద్యాలయంలో తూటాలకి బలైన ముగ్గురు విద్యార్థులు, 1967లో కారు ప్రమాదంలో పోయిన ఫొరూగ్ ఫరొఖ్‌జాద్, పదవి పోయి ఇంట్లో బందీగా బతికిన మాజీ ప్రధాని మొసద్దెఖ్, మల్లయోధుడు తఖ్తీ. నటుల్ని, దుస్తులవాళ్లని, మేకప్‌నీ పెట్టి ఒక్కో మరణాన్నీ సినిమా షాట్‌లా అమర్చి ఫోటోలుగా తీసింది. 2013లో టెహ్రాన్ గ్యాలరీలో పెట్టింది. ప్రతి ఫోటోలోనూ ఒక మూల ఎర్ర గుడ్డ కట్టుకుని తానే నిలబడి చూస్తుంటుంది, ఆలస్యంగా వచ్చిన సాక్షిలా. కొందరు దీన్ని నాటకమన్నారు. నాకు అలా అనిపించదు. కెమెరాని రానివ్వని చోటికి సెట్ వేసుకుని వెళ్లడం తప్ప ఆమెకి ఇంకేం దారి ఉంది?

ఇక అనుమతి అడగడమే మానేసిన సెట్లు వచ్చాయి. దర్శకుడు జాఫర్ పనాహీకి 2010లో జైలు శిక్షతో పాటు 20 ఏళ్లు సినిమా తీయకూడదని శిక్ష వేశారు. ఆయన ఆపలేదు. 2015లో బెర్లిన్‌లో గోల్డెన్ బేర్ గెలిచిన ‘టాక్సీ’ మొత్తం కారులోనే తీశాడు. ఆ సినిమా చివర పేర్లు ఉండవు. విడుదలయ్యే సినిమాల పేర్ల జాబితాకి అనుమతి ఇచ్చేది మంత్రిత్వ శాఖ, కాబట్టి ఈ సినిమాకి ఆ జాబితా లేదు అన్న అర్థం వచ్చే మాటలు మాత్రం తెర మీద పడతాయి. మొహమ్మద్ రసూలోఫ్ రహస్యంగా తీసిన ‘ది సీడ్ ఆఫ్ ది సేక్రెడ్ ఫిగ్’లో ఇంట్లో ఆడవాళ్లు నిజంగా ఇంట్లో ఉన్నట్టే ఉంటారు, తల మీద గుడ్డ లేకుండా. మధ్యమధ్యలో 2022 నిరసనల అసలు ఫోన్ వీడియోలు వస్తాయి. అనుమతి వదులుకున్నాక కల్పన, డాక్యుమెంటరీ రెండూ ఒకే తెర మీద కలిసిపోయాయి. 2024 మేలో శిక్ష తప్పించుకుని దేశం దాటిన రసూలోఫ్, కాన్ ఉత్సవానికి రాలేకపోయిన ఇద్దరు నటుల ఫోటోలు చేతిలో పట్టుకుని రెడ్ కార్పెట్ మీద నడిచాడు.

ఇలాంటి సెట్‌లో స్టిల్ ఫోటోగ్రాఫర్ పరిస్థితి ఆలోచించండి. మామూలు సెట్‌లో అతని పని ప్రచారం, ఇక్కడ ప్రచారమే ప్రమాదం. జుట్టు కనిపిస్తున్న నటి ఉన్న ప్రతి ఫైలూ ఆమె మీద కేసుకి సాక్ష్యం కాగలదు. మెమరీ కార్డు ఎవరి జేబులో ఉండాలి, ఫోటోలు దేశం ఎలా దాటాలి, ఏవి ఎప్పుడు బయటికి రావాలి అన్నది ఫోటో ఎంత బాగా వచ్చిందన్నదానికన్నా పెద్ద ప్రశ్న. విదేశీ పత్రికలో ఆ స్టిల్ పడితే కింద నిర్మాణ సంస్థ పేరో పంపిణీదారు పేరో వేస్తే చాలనుకోవాలి.

హక్కుల విషయంలోనూ అతనికి దన్ను తక్కువ. మామూలుగా సెట్‌లో తీసినవి నిర్మాతవి. ఇరాన్ 1970 నాటి సొంత కాపీరైట్ చట్టం ఫోటోకి ప్రచురించిన నాటి నుంచి 30 ఏళ్లు రక్షణ ఇస్తుంది, కానీ దేశాల మధ్య కాపీరైట్‌ని కాపాడే బెర్న్ ఒప్పందంలో ఇరాన్ చేరలేదు కాబట్టి సరిహద్దు దాటిన ఇరాన్ ఫోటోకి ఆ ఒప్పందం అండ ఉండదు, ఇరాన్‌లో వాడుకునే విదేశీ ఫోటోకీ ఉండదు. విదేశీ ఏజెన్సీ ద్వారా అమ్మితే కాంట్రాక్టు కాపాడుతుంది. రహస్య సెట్‌లో కాంట్రాక్టు కాగితం రాసుకోవడమే ముప్పు. అందుకే ఈ పదిపదిహేనేళ్ల ఇరాన్ సినిమాల స్టిల్స్‌లో కొన్ని ఎవరు తీశారో మనకి ఇప్పుడే తెలియదు. రజ్మీ విషయంలో 2006 దాకా ఆగాల్సి వచ్చింది. వీళ్ల పేర్లు ఏ సంవత్సరంలో బయటికొస్తాయన్నది అక్కడి ప్రభుత్వం ఎప్పుడు, ఎలా మారుతుందన్నదాని మీద ఆధారపడి ఉంది.